అరచేతిలోని వినోదం, విశ్వాసి కాలం

సకల స్తోత్రాలకూ అర్హుడు అల్లాహ్ ఒక్కడే. ప్రాణమిచ్చినవాడు ఆయనే, ఆ ప్రాణానికి గడువు విధించినవాడూ ఆయనే. ఆయన అంతిమ ప్రవక్త హజ్రత్ ముహమ్మద్ (స) పైన, ఆయన కుటుంబీకుల పైన, సహచరుల పైన శాంతి, శుభాలు కురియుగాక!

  

మనం ఏ నమాజు కొరకు ఇక్కడ సమావేశమయ్యామో ఆ నమాజు పేరనే దివ్య ఖుర్ఆన్‌లో ఒక సూరా ఉంది. అది 62వ సూరా, సూరా జుముఆ. దాని చివరి ఆయతు ఏ సందర్భంలో అవతరించిందో హజ్రత్ జాబిర్ (రజి) తెలియజేశారు. ఒక శుక్రవారం దైవప్రవక్త (స) నిలబడి ఖుత్బా ఇస్తున్నారు. అంతలో సిరియా వైపు నుండి ఆహార ధాన్యాల బిడారు మదీనాలో ప్రవేశించింది. బిడారు రాకను డప్పులు మోగించి చాటడం ఆనాటి ఆచారమని వ్యాఖ్యాతలు వ్రాశారు. ఆ సవ్వడి చెవిన పడగానే జనం లేచి అటు వెళ్ళిపోయారు. మస్జిద్‌లో మిగిలినవారు పన్నెండు మంది మాత్రమే. ఆ ఆయతులో అల్లాహ్ వర్తకాన్ని, వినోదాన్ని ఒకేచోట పేర్కొని, వాటి కోసం ప్రవక్తను నిలబడి ఉండగానే వదలి వెళ్ళిన తీరును మందలించాడు.

అలా లేచి వెళ్ళినవారు ఎవరో ఆలోచించండి. వారు కపట విశ్వాసులు కారు. ఇస్లాం కోసం ఇల్లూ వాకిలీ విడిచినవారు, అలా విడిచి వచ్చినవారికి ఆశ్రయమిచ్చినవారు. అవి ధాన్యం దొరకని రోజులని కూడా వ్యాఖ్యాతలు వ్రాశారు. అంతటి మహనీయులను సైతం ఒక డప్పు చప్పుడు లేపి తీసుకుపోయింది. అయితే ఆ బిడారు ఎప్పుడో ఒకసారి వచ్చేది. డప్పు కొంతసేపు మోగి ఆగిపోయేది. మన బిడారు చొక్కా జేబులో ఉంది, దాని డప్పు ఆగదు.

గత శుక్రవారం మేము ఖుత్బా ఇస్తుండగా మూడవ సఫ్‌లో ఒక యువకుడు నోటికి చేయి అడ్డం పెట్టుకొని నవ్వు ఆపుకోవడం మా కంట పడింది. మేము చెప్పే మాటల్లో నవ్వు పుట్టించేది ఏదీ లేదు. ఎవరని పేరు చెప్పబోము. ఆయనకూ తెలుసు, మాకూ తెలుసు. ఆయనపై మాకు కోపం లేదు కూడా. రాత్రంతా ఫ్యాక్టరీలో నిలబడి పనిచేసి, రెండు గంటలు కునుకు తీసి, నమాజుకు వచ్చినవాడు ఆయన. కానీ ఈ నాటి ప్రసంగానికి విషయం మాత్రం ఆయనే ఇచ్చాడు.

సోదరులారా! మేము మదర్సాలో విద్యార్థులుగా ఉన్న కాలంలో ఈ విషయంపై ప్రసంగం చేయడం చాలా సులువు. సినిమా హాలుకు పోవద్దని చెబితే సరిపోయేది. హాలు ఊరిలో ఒకచోట ఉండేది. పోవాలంటే డబ్బు కూడబెట్టాలి, క్యూలో నిలబడాలి, తెలిసిన పెద్దమనిషి ఎవరైనా చూస్తున్నాడేమోనని వెనక్కి తిరిగి చూసుకోవాలి. ఆ జంకే సగం కాపలా కాసేది. ఈ నాడు హాలు మన దుప్పటిలోకి వచ్చింది. అక్కడ ఏ పెద్దమనిషీ లేడు.

అంతకు ముందరి తరానికి వినోదమంటే ఊరి నడుమ పదిమంది కలిసి కూర్చునేది. బుర్రకథకు పేరు తెచ్చిన షేక్ నాజర్ గుంటూరు జిల్లా పొన్నెకల్లులో పుట్టిన ముస్లిం. 1986లో ప్రభుత్వం ఆయనకు పద్మశ్రీ ఇచ్చింది. ఆ కళపై ధార్మిక తీర్పు చెప్పడానికి మేము ఆయన పేరు ఎత్తలేదు. ఆయన కథ చెప్పిన తీరు గమనించండి. చెప్పేవాడు వినేవారి ముఖాలు చూస్తూ చెప్పేవాడు. వినేవారు ఒకరి పక్కన ఒకరు కూర్చొని నవ్వేవారు, ఏడ్చేవారు. తెల్లవారేసరికి కథ ముగిసేది, జనం లేచి పొలాలకు పోయేవారు. తరువాత టీవీ వచ్చింది. 1987లో దూరదర్శన్ ఆదివారం ఉదయపు ధారావాహిక వేళకు వీధులు ఖాళీ అయ్యేవి. 1995లో ఈటీవీ వంటి తెలుగు చానళ్ళు మొదలయ్యాయి. అయినా ఇంటికి ఒక్కటే టీవీ, రిమోటు తండ్రి చేతిలో ఉండేది.

2016 సెప్టెంబరులో జియో వచ్చి డేటాను ఉప్పు కంటే చవక చేసింది. 2020లో తెలుగువారి కొరకే 'ఆహా' అనే వేదిక మొదలైంది, కరోనా వల్ల థియేటర్లు మూతపడగా పెద్ద నటుల చిత్రాలు నేరుగా ఫోనులోకి దిగాయి. అదే ఏడాది జూన్ 29న ప్రభుత్వం టిక్‌టాక్‌ను నిషేధించింది. అప్పుడు కొందరు పెద్దలు పీడ విరగడైందని సంతోషించారు. మరుసటి నెలలోనే ఇన్‌స్టాగ్రామ్ రీల్స్ వచ్చాయి, ఆపై యూట్యూబ్ షార్ట్స్ వచ్చాయి. 2024 మే నెలలో కొత్త చిత్రాలు లేక, ప్రేక్షకులు రాక తెలంగాణలోని సింగిల్ స్క్రీన్ థియేటర్లు కొన్ని రోజులు తలుపులు మూసుకున్నాయి. హాళ్ళు ఖాళీ అయ్యాయంటే జనం వినోదం మానుకున్నారని కాదు.

ఇందులో మేలు లేదా అంటే ఉంది. లేదని చెబితే అది అబద్ధమవుతుంది. జగిత్యాల జిల్లా లంబాడిపల్లిలో కూలి పని చేసుకున్న గంగవ్వ అనే వృద్ధురాలు 'మై విలేజ్ షో' వీడియోల ద్వారా తెలుగువారందరికీ తెలిసింది. ఇదివరకు మన పల్లె యాస తెర మీద నౌకరు పాత్రకే పరిమితం. ఇప్పుడు ఆ యాసలో ఆమె మాట్లాడితే దేశాలు దాటి వింటున్నారు. మన దక్కనీ మాట కూడా అంతే. దానిని అపహాస్యం చేసినవారే నేడు దక్కనీ హాస్య వీడియోలు వెతికి చూస్తున్నారు. బీహారు, ఒడిశా నుండి వచ్చి పాశమైలారంలో, పటాన్‌చెరులో పనిచేస్తున్న సోదరులు ఇదే ఫోనులో తల్లి ముఖం చూసుకుంటున్నారు. ఉర్దూ లిపి రాని మన పిల్లలు తెలుగులో ఖుర్ఆన్ భావం వింటున్నది కూడా ఇందులోనే. పేదవాని నోటికి మైకు దొరికింది. దానిని మేము తక్కువ చేసి చెప్పము.

ఇక ధర్మం ఏమంటుందో చూద్దాం. వినోదమంతా నిషిద్ధమని చెప్పేవారు ఒక హదీసును మరచిపోతారు. పండుగ రోజున అబిసీనియా వాసులు మస్జిద్‌లో ఈటెలతో ఆటలాడుతుంటే దైవప్రవక్త (స) తమ భుజం చాటున నిలబెట్టి హజ్రత్ ఆయిషా (రజి)కు వాటిని చూపించారు. ఆమెకు తనివి తీరేంత వరకు ఆయన కదలకుండా నిలబడ్డారు. చిన్న బాలికలు పండుగ పాట పాడుతుంటే హజ్రత్ అబూబక్ర్ (రజి) గద్దించబోగా, వారిని అలా వదిలేయమని ప్రవక్త (స) వారించారు. హజ్రత్ హంజలా (రజి) తమ హృదయం ప్రవక్త (స) సన్నిధిలో ఒకలా, ఆలుబిడ్డల మధ్య మరొకలా ఉంటోందని, తాను కపటి అయిపోయానని భయపడ్డారు. అప్పుడు ప్రవక్త (స) ఆయనకు ధైర్యం చెప్పి, దీనికొక వేళ, దానికొక వేళ ఉంటుందని ముమ్మారు బోధించారు.

హజ్రత్ ఆయిషా (రజి) హదీసులో మేము ఎన్నో ఏళ్ళు గమనించని మాట ఒకటి ఉంది. ఆమెకు తనివి తీరింది. చాలునా అని ప్రవక్త (స) అడిగారు, చాలునని ఆమె అన్నారు, ఇంటికి వెళ్ళారు. వినోదానికి 'చాలు' అనే గడప ఉంది. నేటి వినోదంలో ఆ గడపనే తొలగించారు. 2006లో ఆజా రస్కిన్ అనే అమెరికా నిపుణుడు కింది అంచు లేకుండా జారుతూనే ఉండే పేజీని రూపొందించాడు. తరువాత కాలంలో ఆయనే ఆ పని చేసినందుకు చింతించాడు. 2017లో నెట్‌ఫ్లిక్స్ అధిపతి రీడ్ హేస్టింగ్స్ తమ పోటీ మనుషుల నిద్రతోనే అని బహిరంగంగా అన్నారు. ఇది వ్యాపారి నోటి నుండి వచ్చిన మాట. మనం అన్నామంటే ముల్లా ఏదో అన్నాడంటారు.

మన రోడ్డు పక్కనే ఐఐటీ ఉంది. అక్కడ 2019 నుండి కృత్రిమ మేధ డిగ్రీగానే బోధిస్తున్నారు. ఆ విద్యార్థులు కొందరు మన జుమాకు వస్తారు. వారిలో ఒక అబ్బాయిని, తరువాతి వీడియో ఏది రావాలో ఎవరు నిర్ణయిస్తారని అడిగాము. ఎవరూ కూర్చొని నిర్ణయించరని, మనం ఏ వీడియో దగ్గర ఎన్ని సెకన్లు ఆగామో, ఏది రెండోసారి చూశామో యంత్రం లెక్కగట్టి, మనల్ని ఇంకా ఆపగల దానినే ముందు పెడుతుందని అతడు ఓపికగా వివరించాడు. చివరకు ఇలా అన్నాడు: "హజ్రత్, మీకు ఏది మంచిదో దానికి తెలియదు. మీరు ఎక్కడ ఆగారో మాత్రమే తెలుసు."

కన్ను ఒకచోట ఆగితే ఆ ఆగడం ఇక్కడ ఆజ్ఞ అవుతుంది. సూరా నూర్‌లో విశ్వాసులకు చూపు వాల్చుకోవాలని ఆదేశం ఉంది. పరాయి స్త్రీ పురుషుల గురించే ఆ ఆదేశమని ఇన్నాళ్ళు చెబుతూ వచ్చాము. ఈ నాడు ఒక్క అసభ్య దృశ్యం దగ్గర నాలుగు సెకన్లు ఆగినవాని ఇంటికి అలాంటివి నలభై వస్తున్నాయి. అదే ఫోను సాయంత్రం పసిపిల్లల చేతికి వెళుతోంది.

నిద్ర గురించి ఇంకొంచెం చెప్పాలి. మన ప్రాంతం షిఫ్టుల ప్రాంతం. ఒకరు ఉదయం ఆరింటికి వెళతారు, ఒకరు మధ్యాహ్నం రెండింటికి, మరొకరు రాత్రి పదింటికి. రసాయనాల దగ్గర, బాయిలర్ల దగ్గర పని. ఇషాకు ముందు నిద్రపోవడాన్ని, ఇషా తరువాత కబుర్లలో గడపడాన్ని దైవప్రవక్త (స) ఇష్టపడేవారు కాదని బుఖారీ గ్రంథంలో ఉంది. ఫజ్ర్ తప్పిపోతుందని మేము ఎప్పుడూ చెప్పేదే. ఇప్పుడు అదనంగా చెప్పేది ఇది: పగలంతా రీల్స్ చూసి నైట్ షిఫ్టుకు వెళ్ళినవాని కన్ను మూతపడితే నష్టం అతనికొక్కనికే కాదు. పక్కన నిలబడ్డవానికి కూడా తల్లి ఉంది, పిల్లలున్నారు. నిద్ర మన మీద దేహానికున్న హక్కు. దానిని ఎవరికో అమ్ముకునే అధికారం మనకు లేదు.

ఆరుగురు యువకులు అద్దెకుండే ఒక గదికి ఈ మధ్య పరామర్శకు వెళ్ళాము. ఒకరికి జ్వరం. మిగిలిన ఐదుగురు అక్కడే ఉన్నారు, ఐదుగురి చెవుల్లో ఇయర్‌ఫోన్లు ఉన్నాయి. జ్వరం వచ్చినవానికి నీళ్ళు ఎవరిచ్చారని అడిగితే ఒకరి ముఖం ఒకరు చూసుకున్నారు. వారు చెడ్డవారు కారు. మమ్మల్ని చూడగానే లేచి కుర్చీ వేశారు, ఒకడు పరుగున వెళ్ళి మందు తెచ్చాడు. ఇదివరకు అలాంటి గదుల్లో క్యారమ్ బోర్డు ఉండేది, దాని చుట్టూ కొట్లాట ఉండేది. ఆ కొట్లాటను మేము నాడు విమర్శించేవారం. నేడు అది కూడా మేలే అనిపిస్తోంది.

2025 జూన్ 30న పాశమైలారంలోని ఒక ఔషధ కర్మాగారంలో జరిగిన పేలుడును మనం మరువలేము. నలభై మందికి పైగా కార్మికులు ప్రాణాలు కోల్పోయారు. ఆ రోజు మా ఫోనులోకి వచ్చిన వీడియోలలో ఒకదానికి ముందు హాస్యం, వెనుక నృత్యం. మా వేలు కూడా ఒక క్షణం అలవాటుగా ముందుకు జరిపింది. ఆ తరువాత గాని ఏమి చూశామో తెలియలేదు. మృతుల కోసం దుఆ చేయవలసిన నోరు తెరుచుకోకముందే తరువాతి పాట మొదలైంది. ఆ రోజున ఎవరు ఉన్నారో, ఎవరు పోయారో రూఢి కాకముందే పేర్లు, ఫొటోలు పంపినవారు కూడా మనలో ఉన్నారు. విన్నదంతా చెప్పడమే మనిషి అబద్ధాలకోరు కావడానికి చాలునని ముస్లిం గ్రంథంలోని హదీసు భావం. వార్త వస్తే నిర్ధారించుకోవాలని సూరా హుజురాత్ ఆదేశం. బిడ్డ బతికి ఉన్నాడో లేదో తెలియక గేటు ముందు నిలబడ్డ తల్లికి ఆ ఫొటో ఏమి చేస్తుందో ఫార్వర్డ్ చేసే వేలికి తెలియదు.

ఇప్పుడు జూదం. ఒక తండ్రి మా దగ్గరకు వచ్చి చాలాసేపు మాట్లాడకుండా కూర్చున్నాడు. కుమారుడు కాంట్రాక్టు ఉద్యోగి. ఇంట్లో బీడీ కూడా ఎరుగని పిల్లవాడు. రోజూ హాస్య వీడియోలు చేసే ఒకతన్ని చూసి నవ్వుకునేవాడు. ఆ నవ్వించే మనిషి ఒకనాడు ఒక బెట్టింగ్ యాప్‌ను చూపించి తానూ గెలిచానన్నాడు. ముందు వంద రూపాయలు పెట్టాడు, ఆపై జీతం పెట్టాడు, ఆపై అప్పిచ్చే యాప్‌లకు చిక్కాడు, చివరకు తల్లి చెవుల కమ్మలు కూడా తాకట్టు పెట్టాడు. సోదరులారా, ఆ పిల్లవాడు జూదాన్ని వెతుక్కుంటూ వెళ్ళలేదు. నవ్వు కోసం వెళ్ళాడు. రోజూ చూసే ముఖం స్నేహితుని ముఖంలా మారింది, స్నేహితుని మాటను నమ్మాడు. తెలంగాణలో ఆన్‌లైన్ జూదం 2017లోనే నిషిద్ధమైంది. 2025 మార్చిలో బెట్టింగ్ యాప్‌లను ప్రచారం చేశారని సినీ నటులపై, యూట్యూబర్లపై మన పోలీసులు కేసులు పెట్టారు. ఆగస్టులో పార్లమెంటు డబ్బు పందేల ఆన్‌లైన్ ఆటలను దేశమంతటా నిషేధిస్తూ చట్టం చేసింది. సూరా మాయిదాలో మద్యంతో పాటు జూదాన్ని షైతాను పనిగా అల్లాహ్ ప్రకటించి పద్నాలుగు వందల ఏళ్ళు దాటింది. ఇప్పటికీ లోలోపల అప్పులతో నలుగుతున్న యువకుడు ఎవరైనా ఇక్కడ ఉంటే, దయచేసి ఇంట్లో చెప్పండి. ఇంట్లో చెప్పలేకపోతే మాతో చెప్పండి. ఏ వేళనైనా తలుపు కొట్టండి. మేము మందలించము. అప్పు గురించి కూర్చొని మాట్లాడుకుందాం. ప్రాణం తీసుకోవాలన్న ఆలోచన వస్తే ఒంటరిగా ఒక్క క్షణం కూడా ఉండవద్దు.

ఇక మా సంగతి కూడా చెప్పుకోవాలి. ఇతరుల తప్పులు చెప్పి మాది దాచడం న్యాయం కాదు.

గత రమజాన్‌లో పెళ్ళిళ్ళ దుబారాపై మేము చేసిన ప్రసంగాన్ని ఒక యువకుడు రికార్డు చేశాడు. డీజే పెట్టిన పెళ్ళి విందుకు వెళ్ళాలంటే మాకు మనసొప్పదని అందులో అన్నాము. ఆ వెంటనే, అయినా పిలిస్తే వెళతామని, బంధుత్వం తెంచడం అంతకంటే పెద్ద పాపమని, నికాహ్‌లో దఫ్ వాయించి సంతోషించడానికి అనుమతి ఉందని కూడా చెప్పాము. ఆ యువకుడు మొదటి వాక్యం మాత్రం కత్తిరించి, వెనుక గంభీరమైన ధ్వని జోడించి పోస్టు చేశాడు. మన మస్జిద్ ఎన్నిమార్లు నిండినా రానంత మంది దానిని చూశారు. అసత్యం చెప్పలేము: మాకు సంతోషం కలిగింది. మూడు రాత్రులు తహజ్జుద్‌కు లేచినప్పుడు వుజూ కంటే ముందు మా చేయి ఫోను వైపు వెళ్ళింది. ఎంతమంది చూశారో లెక్క చూసుకున్నాము. ప్రళయదినాన ముందుగా అగ్నిలోకి ఈడ్వబడేవారిలో జనం మెప్పు కోసం విద్య నేర్చి బోధించినవాడు ఒకడని మేము ఎన్ని ప్రసంగాల్లో చెప్పలేదు!

నాలుగవ రోజున తెలిసింది. అంతకు ముందు వారమే కుమార్తె పెళ్ళి చేసిన మన మహల్లా పెద్దమనిషి ఒకరు మస్జిద్‌కు రావడం మానేశారు. ఆ పెళ్ళిలో డీజే పెట్టించింది మగపెళ్ళివారు. మేము వారి ఇంటికి వెళ్ళి క్షమాపణ కోరాము. ఆయన చాయ్ తెప్పించి, "మౌలానా సాబ్, మీరు నన్ను అనలేదని నాకు తెలుసు. నా బిడ్డ అత్తగారింటికి తెలియదు కదా" అన్నారు. ఆ మాటకు మా దగ్గర జవాబు లేదు. ఆ వీడియో తీసివేయించాము. కానీ అప్పటికే ఎందరి ఫోన్లలోకో చేరినదాన్ని ఎలా తీసివేస్తాము? పొరపాటు ఆ యువకునిది సగం. ముక్కను చూసి మురిసినవారం మేము, మిగతా సగం మాది.

అందుచేత ఇకపై మన మస్జిద్‌లో ప్రసంగాన్ని రికార్డు చేసేవారు మొదటి నుండి చివరి వరకు చేయాలి, లేదా చేయనే కూడదు. ముప్పై సెకన్ల ముక్క ఎవరైనా అడిగితే ఇవ్వవద్దు. మొత్తం వినే ఓపిక లేనివారు వినకున్నా మాకు బాధ లేదు. సజ్దాలో ఉన్న తమను తాము వీడియో తీసుకుంటున్న పిల్లలకూ ఇదే మాట. పెళ్ళిళ్ళలో స్త్రీలను వారి అనుమతి లేకుండా తీసి స్టేటస్‌లో పెట్టడం ద్రోహం. దొంగ సైట్లలో సినిమా చూసి, హలాల్ హరామ్‌ల గురించి వాదించేవారికి వేరే ప్రసంగం కావాలి.

మన మహల్లాలో ఒక ఇల్లు ఈ మధ్య ఒక పద్ధతి మొదలుపెట్టింది. ఇషా అజాన్ కాగానే ఇంట్లోని ఫోన్లన్నీ ఒక రేకు పెట్టెలో వేసి అల్మారా మీద పెడతారు, ఫజ్ర్ తరువాత తీస్తారు. మొదటి రాత్రి పెట్టె దగ్గరకు పిల్లిలా నడిచింది ఇంటి యజమానేనట, పిల్లలు పట్టుకున్నారట. ఇప్పుడు ఆ ఇంట్లో భోజనమయ్యాక నానీమా హజ్రత్ యూసుఫ్ (అలైహిస్సలాం) వృత్తాంతం రోజుకు కొంచెం చొప్పున దక్కనీలో చెబుతోంది. బావిలో పడేసిన ఘట్టం దగ్గర ఆపి మిగతాది రేపంటే పిల్లలు అలిగి పడుకున్నారని ఆ తల్లి మా ఇంట్లో చెప్పి నవ్వింది. షిఫ్టుకు వెళ్ళేవారికి ఇషా వేళ కుదరదు. వారు తమ నిద్ర వేళకు ఈ పని చేయవచ్చు. ఫోను దిండు కింద కాకుండా, లేచి నడిస్తే గాని అందనంత దూరంలో ఉండాలి. అలారం కోసమంటే గడియారం దొరుకుతుంది. కొనలేనివారికి మస్జిద్ కమిటీ కొనిస్తుంది. మాటిచ్చాము.

ఓ అల్లాహ్! ఈ రాత్రి షిఫ్టులో నిలబడే మా బిడ్డలను క్షేమంగా ఇంటికి చేర్చు. పాశమైలారంలో ప్రాణాలు కోల్పోయినవారి కుటుంబాలకు ఆసరా ఇవ్వు. అప్పులలో కూరుకుపోయి నోరు విప్పలేకపోతున్న యువకులకు దారి చూపు. మా మాట వల్ల మనసు నొచ్చుకున్న ఆ ఇంటి బిడ్డ కాపురంలో శాంతిని నింపు. మూడు రాత్రుల మా తప్పును క్షమించు. ఆమీన్.